కృష్ణాతీరం దాటి – 9వ భాగం: చెరకు మిల్లుల ఊళ్లలో పుట్టిన ఫిజీ ఫుట్‌బాల్ లీగు

ఫిజీ దీవుల చెరకు తోటల్లో ఐదేళ్ల ఒప్పంద కూలిని పూర్తిచేసుకున్నవారి విడుదలతో గత భాగం ముగిసింది. బెజవాడ వద్ద కృష్ణకు ఆనకట్ట 1855 నాటికి పూర్తయి కాలువల కింద మాగాణి విస్తరించినప్పటికీ ఆ నీటి ఫలం ప్రధానంగా భూమి ఉన్నవారికే దక్కిందనీ, సెంటు భూమి లేని కుటుంబాల్లో కొన్ని రంగూను వైపు, ఇంకొన్ని మద్రాసు రేవు మీదుగా పసిఫిక్ మహాసముద్రం వైపు కదిలాయనీ అందులో చెప్పుకున్నాం. 1879 నుంచి 1916 వరకు భారతదేశం నుంచి ఫిజీ చేరిన 60 వేల పైచిలుకు కూలీల్లో సుమారు 15 వేల మంది 1903 తర్వాత మద్రాసులో ఓడెక్కినవారు. ఉత్తర ఆర్కాటు, తంజావూరు, మలబారు జిల్లాలతో పాటు కృష్ణా, గోదావరి, విశాఖపట్నం జిల్లాలు కూడా వారి స్వస్థలాల్లో ముఖ్యమైనవి. ఒప్పందాన్ని వారు గిర్మిట్ అని పిలుచుకోగా, ఆ ఒప్పందంపై వెళ్లినవారికి గిర్మిటియాలు అనే పేరు స్థిరపడింది. 1920 జనవరి 1న మిగిలిన ఒప్పందాలన్నీ రద్దయ్యాక, తిరిగి రాని వేలాది కుటుంబాలు ఆ దీవుల్లోనే బతుకు దిద్దుకున్నాయి. వారు నిలబెట్టుకున్న వ్యవస్థల్లో బడి, గుడి, రైతు సంఘాలతో పాటు ఒక ఫుట్‌బాల్ పోటీ కూడా ఉంది. 2017 జనాభా లెక్కల ప్రకారం తొమ్మిది లక్షలకు లోపు జనం ఉన్న ఆ చిన్న దేశంలో పురుషుల అగ్రశ్రేణి లీగు ఆ పోటీ వేసిన పునాదిపైనే లేచింది.

పదెకరాల కమతాలు

ఫిజీ చెరకు పరిశ్రమను దాదాపు తొంభై ఏళ్లు శాసించినది ఆస్ట్రేలియాలోని సిడ్నీ నగరం కేంద్రంగా పనిచేసిన కాలనియల్ షుగర్ రిఫైనింగ్ కంపెనీ. ఆ కంపెనీ 1882లో రేవా నది ఒడ్డున నౌసోరి వద్ద, 1886లో బా పట్టణం చెంత రారవై వద్ద, 1894లో వనువాలేవు దీవిలోని లంబాసా వద్ద, 1903లో లౌటోకా వద్ద మిల్లులు నెలకొల్పింది. ఒప్పంద కూలి వ్యవస్థ రద్దయి చౌకగా దొరికే శ్రమ కరువైనప్పుడు, సొంత ఎస్టేట్లను నడపడం గిట్టుబాటు కాదని గ్రహించి వాటిని సుమారు పదెకరాల కమతాలుగా విడగొట్టి కౌలుకు ఇచ్చింది. నిన్నటి కూలీ ఈనాటి కౌలు రైతయ్యాడు. అయితే ఏ రకం చెరకు నాటాలో, ఎప్పుడు కొట్టాలో, ఏ ధరకు అప్పగించాలో నిర్ణయించే అధికారం కంపెనీ చేతిలోనే మిగిలింది.

ఈ కమతాల పద్ధతి జనావాసాల రూపాన్నే మార్చివేసింది. కృష్ణా డెల్టా గ్రామంలో ఇళ్లన్నీ ఒకచోట, పొలాలన్నీ వాటి చుట్టూ ఉండి, కులాల వారీగా పేటలు ఏర్పడి, రచ్చబండ దగ్గర ఊరి వ్యవహారం నడిచేది. ఫిజీలో ప్రతి కుటుంబం తన చెరకు మధ్యనే ఇల్లు వేసుకోవడం వల్ల అటువంటి ఊరు ఏర్పడలేదు. ఓడలోనూ, ఆ తర్వాత కూలీ లైన్లనే ఇరుకు గదుల వరుసల్లోనూ కలిసి బతికినవారి మధ్య కులం కట్టుబాట్లు అప్పటికే సడలిపోయాయి. తెలుగు కుటుంబానికి ఒక వైపు అవధ్ నుంచి వచ్చినవారు, మరో వైపు తమిళులో, మలయాళ ముస్లిములో ఇరుగుపొరుగులయ్యారు. జూన్ నుంచి డిసెంబరు దాకా సాగే నరుకుడు కాలంలో వీరంతా ఒకే ముఠాగా ఏర్పడి, మిల్లు వేసిన వంతు ప్రకారం ఒకరి చెరకును మరొకరు కొట్టి ట్రక్కులకు ఎత్తేవారు. ముఠా పని లేని వేళ అందరూ కలుసుకునే చోట్లు మూడే మిగిలాయి: తామే చందాలు వేసుకుని కట్టుకున్న బడి, గుడి లేదా మసీదు, వాటి పక్కనున్న ఖాళీ మైదానం.

ఆ మైదానంలో ఫుట్‌బాల్ నిలదొక్కుకోవడానికి కారణాలు తేలికగానే కనిపిస్తాయి. టెన్నిస్, క్రికెట్ వంటి ఆటలకు సామగ్రి ఖర్చుతో పాటు తెల్లవారి క్లబ్బుల తలుపులు కూడా అడ్డు. రగ్బీ, అంటే కోడిగుడ్డు ఆకారపు బంతిని చేతపట్టి ఎదుటివారిని ఢీకొంటూ ముందుకు సాగే ఆట, వలస పాలకుల నుంచి ఫిజీ మూలవాసులైన ఇతౌకేయి ప్రజల పల్లెలకు చేరి వారి సొంత ఆటగా మారింది. మూలవాసులనూ భారతీయులనూ వేరువేరుగా ఉంచడం పాలకుల విధానమైనందున వారి ఆటలు కూడా వేరుగానే పెరిగాయి. ఒక్క బంతి, చదును నేల ఉంటే ఇరవై ఇద్దరికి సరిపోయే ఫుట్‌బాల్ భారతీయుల వాటాకు వచ్చింది. 1920ల నాటికి సువా వంటి పట్టణాల్లో గుమాస్తాలు, ఉపాధ్యాయులు, దుకాణదారుల పిల్లలు జట్లు కట్టి ఆడసాగారు. చెరకు ప్రాంతాల్లో రైతు బిడ్డలూ, మిల్లు పనివారూ ఆ బాటే పట్టారు.

1938: జిల్లా పేరే జట్టు పేరు

ఈ చెదురుమదురు ఆటకు ఒక రూపం ఇచ్చిన సంవత్సరం 1938. ఆ ఏడు ఫిజీ ఇండియన్ ఫుట్‌బాల్ అసోసియేషన్ ఏర్పడి, జిల్లాల మధ్య పోటీకి శ్రీకారం చుట్టింది. లాయిడ్-ఫేర్‌బ్రదర్ ట్రోఫీ కోసం మొదలైన ఆ అంతర్ జిల్లా పోటీ నేటికీ ఫిజీ క్రీడా క్యాలెండర్‌లో పెద్ద పండుగగా కొనసాగుతోంది. ఆ కాలపు నేపథ్యాన్ని గమనిస్తే ఈ ఏర్పాటు విశిష్టత స్పష్టమవుతుంది. 1926లో సాధు కుప్పుస్వామి నాయకత్వాన నాండీలో దక్షిణాది వారి సంఘమైన సంగం వెలసింది. 1941లో తెలుగువారు ఆంధ్ర సంగంగా వేరుపడ్డారు. ఆర్యసమాజం, సనాతన ధర్మ సభలు, ముస్లిం లీగు ఎవరి బడులు వారు నడుపుకుంటున్నారు. చెరకు రైతుల్లోనే 1937లో అయోధ్యా ప్రసాద్ నాయకత్వాన కిసాన్ సంఘ్, 1941లో ఏ.డి. పటేల్, స్వామి రుద్రానందల నాయకత్వాన మహాసంఘ్ ఏర్పడి ఒకదానితో ఒకటి తలపడ్డాయి. దక్షిణాది రైతులు ఎక్కువగా మహాసంఘ్ వైపు మొగ్గగా, 1943 నాటి చెరకు సమ్మె ఈ చీలికను మరింత లోతు చేసింది.

భాష, మతం, రైతు రాజకీయం ఇలా ప్రజలను విడదీస్తున్న కాలంలో ఫుట్‌బాల్ సంఘం జట్టుకు జిల్లానే ప్రాతిపదికగా స్వీకరించింది. మహాసంఘ్ రైతు కొడుకూ కిసాన్ సంఘ్ రైతు కొడుకూ బా జిల్లా తరఫున ఒకే రంగు చొక్కా వేసుకుని లౌటోకా మీదికి వెళ్లవలసిందే. మతాల వారీ, సంఘాల వారీ పోటీలు లేకపోలేదు. ఈస్టరు సెలవుల్లో సంగం జరిపే మహాసభలకు ఫుట్‌బాల్ పోటీ విడదీయరాని అంగమైంది. అయినా దేశమంతా లెక్కలోకి తీసుకునే గెలుపు మాత్రం జిల్లా జట్టుదే.

ఈ జిల్లాల పటాన్ని మిల్లుల పటం పక్కన పెట్టి చూస్తే, రెండింటి గీతలూ చాలా వరకు కలిసిపోతాయి. రారవై మిల్లు ఉన్న బా, మిల్లుతో పాటే పెరిగిన లౌటోకా, సముద్రానికి అవతలి దీవిలోని లంబాసా, నౌసోరి మిల్లు చుట్టూ అల్లుకున్న రేవా, పెనాంగ్ మిల్లు ఉన్న రాకిరాకి తమ జనాన్నీ, తమ డబ్బునూ చెరకు నుంచే పొందాయి. రాజధాని సువా ఇందుకు మినహాయింపు. అక్కడి జట్టు వెనుక ఉన్నది ఉద్యోగులు, వర్తకులు. అందువల్ల తూర్పున ఉన్న సువాకూ, పశ్చిమాన ఉన్న చెరకు పట్టణాలకూ నడుమ సాగిన పోటీలో నగరానికీ పల్లెకూ ఉండే పాత పంతం కూడా కలిసింది. నౌసోరి మిల్లు 1959లో మూతపడి రేవా ప్రాంతంలో చెరకు కనుమరుగైనా, జట్టు మాత్రం నిలిచింది. రేవా నది డెల్టాలో ఉన్నందున డెల్టా టైగర్స్ అని పిలిపించుకునే ఆ జట్టు, మిల్లు పోయినా మిల్లు కూర్చిన సమాజం పోదని చెప్పడానికి మంచి సాక్ష్యం.

తొలగిన ఒక విశేషణం

1946 జనాభా లెక్కల నాటికి భారతీయ సంతతి వారు సంఖ్యలో ఇతౌకేయి ప్రజలను మించిపోయారు. ఆ మార్పు మూలవాసుల్లో ఆందోళన రేపింది. భూమి మూలవాసులది, సాగు భారతీయులది అనే ఏర్పాటు రాజకీయ వైరంగా ముదిరింది. ఆటలో సాగినది ఇందుకు ఎదురు ప్రయాణం. 1951లో న్యూజిలాండ్‌తో తొలి అంతర్జాతీయ మ్యాచ్ ఆడిన తర్వాత, దేశం పేరు మీద ఆడే జట్టు ఒక్క జాతికే పరిమితం కావడం కుదరదని స్పష్టమవుతూ వచ్చింది. చివరకు 1961లో సంఘం తన నిబంధనలను మార్చుకుని, పేరులోని ఇండియన్ అనే విశేషణాన్ని తొలగించి, ఫిజీ ఫుట్‌బాల్ అసోసియేషన్‌గా అన్ని జాతులకూ తలుపులు తెరిచింది. 1964లో ప్రపంచ ఫుట్‌బాల్ సమాఖ్య అయిన ఫిఫాలో సభ్యత్వం లభించింది. 1966లో ఏర్పడిన ఓషియానియా సమాఖ్యకు, అంటే అప్పట్లో ఆస్ట్రేలియా, న్యూజిలాండ్, పసిఫిక్ దీవుల సంఘాల కూటమికి, ఫిజీ వ్యవస్థాపక సభ్యదేశమైంది.

ఈ మార్పు ఫలితం రెండు విధాలుగా కనిపిస్తుంది. దేహదారుఢ్యం, వేగం కలిగిన ఇతౌకేయి యువకులు జిల్లా జట్లలో చేరి క్రమంగా మైదానంలో అధిక సంఖ్యాకులయ్యారు. సంఘాల నిర్వహణ, చందాలు, స్టేడియాల నిర్మాణం, జట్టు ప్రయాణ ఖర్చులు మాత్రం ఎక్కువగా భారతీయ వర్తకులు, న్యాయవాదులు, రైతు ప్రముఖుల బాధ్యతగానే మిగిలాయి. బా పట్టణానికి చెందిన న్యాయవాది డాక్టర్ ముహమ్మద్ సాహు ఖాన్ 2012 వరకు రెండు దశాబ్దాలకు పైగా జాతీయ సంఘానికి అధ్యక్షుడిగా ఉండడం ఈ ఏర్పాటుకు ప్రతీక. ఆడేది ఒకరు, నడిపేది మరొకరు అనే విమర్శకు ఇది చోటిచ్చినా, దేశ రాజకీయాల్లో ఎదురెదురుగా నిలిచిన రెండు జాతులు వారం వారం ఒకే జట్టు గెలుపు కోసం కలిసి పనిచేసిన అరుదైన రంగం కూడా ఇదే.

1977: లీగు పుట్టుక

ఫిజీ 1970 అక్టోబరు 10న స్వతంత్రమైంది. 1973లో కాలనియల్ షుగర్ కంపెనీ దేశం విడిచి వెళ్లగా మిల్లులు ప్రభుత్వ ఆధీనంలోని ఫిజీ షుగర్ కార్పొరేషన్ చేతికి వచ్చాయి. అప్పటి వరకు అత్యున్నతంగా ఉన్న అంతర్ జిల్లా పోటీకి సహజమైన ఒక పరిమితి ఉంది. ఒకే పట్టణంలో కొద్ది రోజుల్లో ముగిసే ఆ పోటీలో ఒక చెడ్డ మధ్యాహ్నం, ఒక జడివాన మొత్తం ఏడాది శ్రమను తుడిచివేయగలవు. నెలల తరబడి ప్రతి జట్టూ ప్రతి జట్టుతో సొంత మైదానంలో ఒకసారి, ఎదుటివారి మైదానంలో ఒకసారి ఆడి, పాయింట్ల లెక్కన విజేతను తేల్చే పద్ధతినే లీగు అంటారు. ఆటగాళ్లకు నిరంతర సాధనను, జిల్లాలకు గేటు రాబడిని ఇవ్వగల ఆ పద్ధతిని ఫిజీ 1977లో జాతీయ స్థాయిలో ప్రవేశపెట్టింది. తొలి విజేత బా. మరుసటి ఏడాది టైటిల్ నాండీకి దక్కింది.

ఇతర దేశాల లీగులతో పోలిస్తే ఫిజీ లీగుకు ఒక ప్రత్యేకత ఉంది. ఇంగ్లండ్‌లోనో, కలకత్తాలోనో లీగు ఆడేవి క్లబ్బులు; అవి సభ్యుల సొత్తో, యజమానుల సొత్తో అయిన సంస్థలు. హైదరాబాదులో సయ్యద్ అబ్దుల్ రహీమ్ తీర్చిదిద్ది, 1950 నుంచి 1954 వరకు వరుసగా ఐదు రోవర్స్ కప్పులు గెలిపించిన సిటీ పోలీసు జట్టు ఒక ప్రభుత్వ శాఖకు చెందినది. ఫిజీలో మాత్రం జాతీయ లీగులో దిగేది జిల్లా సంఘం ఎంపిక చేసిన జట్టు. ఆ జిల్లాలోని చిన్న క్లబ్బులు తమలో తాము పోటీపడి, వాటిలోని మెరికలను జిల్లాకు అప్పగిస్తాయి. 1938 నాటి అంతర్ జిల్లా పోటీ నిర్మాణమే ఈ విధంగా 1977 నాటి లీగులోకి చెక్కుచెదరకుండా ప్రవేశించింది. క్లబ్బు అభిమానం కుటుంబాన్ని బట్టి, స్నేహితులను బట్టి మారవచ్చు. పుట్టిన జిల్లా మారదు కనుక ఫిజీ అభిమానికి ఎంపిక అనేదే లేదు.

ఈ అభిమానానికి రాజధాని బా. నల్ల చొక్కాల కారణంగా మెన్ ఇన్ బ్లాక్ అని పేరుపడిన బా జట్టు 1975 నుంచి 1980 వరకు వరుసగా ఆరుసార్లు అంతర్ జిల్లా విజేతగా నిలిచింది; లీగు టైటిళ్లను అత్యధికంగా గెలిచిన జట్టు కూడా అదే. చెరకు సొమ్ముతో నడిచే ఒక చిన్న పట్టణం రాజధానిని దశాబ్దాల పాటు వెనక్కి నెట్టగలగడానికి మూలం అక్కడి వర్తకుల ఉదారత, పిల్లల నుంచి పెద్దల వరకు వయసు వారీగా సాగే సాధన, ఓటమిని సహించని ప్రేక్షకులు. బాకు దీటుగా నిలిచినది అంతర్జాతీయ విమానాశ్రయం ఉన్న నాండీ. జెట్‌సెట్టర్స్ అనే పేరుతో 1980ల తొలినాళ్లలో అది లీగును ఏలింది. దక్షిణాది కుటుంబాలు దట్టంగా ఉన్న ప్రాంతం, సంగం కేంద్ర స్థానం కూడా నాండీయే కావడం వల్ల, కృష్ణా, గోదావరి మూలాలున్న కుటుంబాల అభిమానంలో ఆ జట్టుకు ప్రత్యేక స్థానం ఉండడం సహజం.

పోటీ రోజుల్లో జనజీవితం మైదానం చుట్టూ తిరిగేది. బాలో గోవింద్ పార్కు, లౌటోకాలో చర్చిల్ పార్కు, నాండీలో ప్రిన్స్ చార్లెస్ పార్కు, లంబాసాలో సుబ్రయిల్ పార్కు, నౌసోరిలో రాతు చకొంబౌ పార్కు ఈ ఆటకు స్థిర చిరునామాలయ్యాయి. లారీలు, బస్సులు కట్టించుకుని వచ్చేవారు రొట్టె-కూర పొట్లాలు విప్పుకుని, మూలవాసుల సంప్రదాయ పానీయమైన యాంగోనాను గిన్నెలతో పంచుకునేవారు; లంబాసా అభిమానులు ఓడలో సముద్రం దాటి వచ్చేవారు. మైదానానికి రాలేనివారికి హిందీ రేడియో వ్యాఖ్యానం ఆటను ఇంటికి చేర్చేది. ఆదరణ పెరిగేకొద్దీ 1978లో బ్యాటిల్ ఆఫ్ ది జెయింట్స్, 1991లో ఫిజీ ఎఫ్.ఎ. కప్ అనే మరో రెండు పోటీలు లీగుకు తోడయ్యాయి.

తిరుగుబాటు, వలస, కొత్త సవాలు

1987 మే 14న సైనికాధికారి సితివేని రంబూకా భారతీయుల మద్దతుతో ఎన్నికైన ప్రభుత్వాన్ని కూలదోయడంతో ఫిజీ చరిత్ర దిశ మారింది. అదే ఏడాది సెప్టెంబరులో రెండో తిరుగుబాటు, 2000 మే నెలలో మరొకటి జరిగాయి. ఉపాధ్యాయులు, వైద్యులు, వర్తకులు వేల సంఖ్యలో ఆస్ట్రేలియా, న్యూజిలాండ్, కెనడా, అమెరికాలకు తరలిపోయారు. 1966లో సగానికి పైగా ఉన్న భారతీయ సంతతి జనాభా 2007 నాటికి 37.5 శాతానికి తగ్గింది. చందాలిచ్చే చేతులూ, సంఘాలు నడిపే అనుభవమూ ఈ వలసతో పాటు దేశం దాటాయి. అయినా లీగు ఆగలేదు. తొలి తిరుగుబాటు జరిగిన ఏడాదిన్నరకు, 1988 నవంబరు 26న నాండీలో రవువామా మాడిగి చేసిన ఒకే ఒక్క గోలుతో ఫిజీ ఆస్ట్రేలియాను ఓడించింది. ప్రపంచ కప్ అర్హత పోటీలో సాధించిన ఆ గెలుపు, చీలిపోయిన దేశానికి అప్పట్లో దొరికిన అరుదైన ఉమ్మడి ఆనందం.

ఆ తర్వాత లీగు విజేతలకు పసిఫిక్ దీవుల వేదిక తెరుచుకుంది. 2007లో బా ఓషియానియా ఛాంపియన్స్ లీగు ఫైనల్ చేరి, న్యూజిలాండ్ జట్టు వైటాకెరె యునైటెడ్‌తో గోల్స్ సమానమైనా, ఎదుటి మైదానంలో చేసిన గోలుకు ఎక్కువ విలువ ఇచ్చే నిబంధన కారణంగా కప్పు కోల్పోయింది. 2018లో లౌటోకా కూడా ఫైనల్ దాకా వెళ్లి టీమ్ వెల్లింగ్టన్ చేతిలో ఓడింది. లంబాసా జిల్లా జట్టులో ఎదిగిన భారతీయ సంతతి ఆటగాడు రాయ్ కృష్ణ 2016 రియో ఒలింపిక్స్‌లో మెక్సికోపై ఫిజీకి గోలు సాధించాడు. 2019లో కోల్‌కతా జట్టు ఏటీకేలో చేరి ఇండియన్ సూపర్ లీగులో పేరు తెచ్చుకున్నాడు. శతాబ్దం కిందట భారతదేశం నుంచి చెరకు పొలాలకు శ్రమ ప్రవహించిన దారిలోనే ఇప్పుడు నైపుణ్యం వెనక్కి ప్రవహించింది.

నేటి సవాలు మాత్రం మరో వైపు నుంచి వస్తోంది. 2026 జనవరిలో ఓషియానియా సమాఖ్య ప్రారంభించిన వృత్తి లీగులో ఫిజీ తరఫున దిగినది బాయో, నాండీయో కాదు. ఏ జిల్లాకూ చెందని బులా ఎఫ్.సి. అనే కొత్త క్లబ్బు. జీతాలిచ్చి ఆటగాళ్లను ఏడాది పొడవునా సాధనలో ఉంచడం జిల్లా సంఘాలకు తలకు మించిన భారమని ఈ ఏర్పాటు చెప్పకనే చెబుతోంది. మిల్లుల చుట్టూ అల్లుకున్న జిల్లా అభిమానం 1959లో ఒక మిల్లు మూతను తట్టుకుంది, 1987 నాటి తిరుగుబాటునూ తట్టుకుంది. డబ్బుతో నడిచే వృత్తి క్రీడను తట్టుకోవడం అంతకంటే కఠినమైన పరీక్ష. పునాది మాత్రం బలమైనదే. కూలీలుగా వచ్చి, ఊరంటూ లేని చోట కలుసుకునే స్థలాన్ని వెతుక్కున్న మనుషులు, కులానికీ భాషకూ అతీతంగా తమకొక చిరునామాను జిల్లా జట్టులో చూసుకున్నారు. ఈ లీగు చరిత్రలో టైటిళ్ల జాబితా కంటే ముందు నమోదు కావలసిన విషయం అది.

అయితే ఈ కలయికకు చెల్లించిన మూల్యం కూడా ఉంది. మైదానంలో తెలుగు బిడ్డ, అవధీ బిడ్డ, తమిళ బిడ్డ ఒకరినొకరు కేకేసి పిలుచుకున్నది ఫిజీ హిందీలో. ఇంట్లో అమ్మమ్మ మాట్లాడిన తెలుగు బడిలోనూ, బజారులోనూ, ఆటలోనూ చోటు దొరకక తరం తరానికీ పలచబడింది. ఆ నష్టాన్ని ముందే పసిగట్టినవారు 1941లో సంగం నుంచి విడివడి ఆంధ్ర సంగాన్ని ఎందుకు స్థాపించుకున్నారు, తమిళ తెలుగు వర్గాల మధ్య తలెత్తిన వివాదం ఏమిటి, చెరకు రైతుల చందాలతో నడిచిన తెలుగు బడులు ఎంత వరకు నెగ్గుకొచ్చాయి అన్నది 10వ భాగంలో.